తోడేలు ఆటలో ఊరు చేసే తప్పు

సెలవుల్లో సాయంత్రం పూట మన ఇళ్లలోని యౌవనస్థులు ఫోన్లు పట్టుకుని వింత మాటలు మాట్లాడుకుంటూ ఉంటారు. “నేను డాక్టర్‌ని, నన్ను నమ్మండి.” “ఆరో నంబరు ఇంతవరకూ ఒక్క మాటా అనలేదు, వాడే తోడేలు.” “ముందు వాణ్ణి తీసేద్దాం, తర్వాత చూద్దాం.” పక్క గదిలో ఉన్న తల్లిదండ్రులకు ఇదంతా అయోమయంగా ఉంటుంది. సంగతి అర్థమైన వాళ్లకు మాత్రం ఒక సందేహం వస్తుంది. ఎంత నమ్మకంగా అబద్ధం చెబితే అంత బాగా గెలిచే ఆట మన పిల్లలకు తగినదేనా?

ఈ సందేహం న్యాయమైనదే. అయితే జవాబు చెప్పే ముందు ఆట ఏమిటో తెలుసుకోవాలి. ముఖ్యంగా అందులో తోడేలు పాత్ర వచ్చినవారు ఏం చేస్తారో, ఎలా గెలుస్తారో తెలుసుకోవాలి. అది తెలిశాక పిల్లల గురించి మనకున్న భయం కొంత తగ్గవచ్చు. మన గురించి మనకు కొంత భయం పుట్టనూవచ్చు.

ఆట ఎలా నడుస్తుంది

మన చిన్నప్పటి చీటీల ఆట గుర్తు చేసుకుందాం. రాజు, రాణి, మంత్రి, దొంగ, పోలీసు అని కాగితం ముక్కల మీద రాసి, మడిచి, కలిపి వేసేవాళ్లం. పోలీసు చీటీ వచ్చినవాడు మిగిలినవారి ముఖాలు చూసి దొంగను పట్టుకోవాలి. దొంగ చీటీ వచ్చినవాడు ఏమీ ఎరగనట్టు కూర్చోవాలి. తోడేలు ఆట దీనికి పెద్దన్న లాంటిది. ఇక్కడ ఒక్క పోలీసుకు బదులు ఊరంతా వెతుకుతుంది. దొంగ కూడా ఆ వెతికేవాళ్లలో ఒకడై కూర్చుంటాడు.

ఈ ఆట పుట్టింది రష్యాలో. 1980ల రెండో సగంలో మాస్కో స్టేట్ యూనివర్సిటీ మనస్తత్వశాస్త్ర విభాగంలో ఉన్న దిమిత్రీ డవిడాఫ్ ‘మాఫియా’ పేరుతో దీన్ని తయారుచేశాడు. 1997లో అమెరికాకు చెందిన ఆండ్రూ ప్లాట్కిన్ అదే ఆటలో మాఫియా ముఠాకు బదులు తోడేలు మనుషులను పెట్టాడు. పగలు మనిషిగా తిరిగి, రాత్రి తోడేలుగా మారే జీవి యూరప్ జానపద కథల్లో ఉంది. పగలు ఒకరు, రాత్రి మరొకరు అన్న ఆ కథ ఈ ఆటకు సరిగ్గా అతికింది. తర్వాత కార్డుల ఆటలు వచ్చాయి, ఆపైన కంప్యూటర్ ఆటలు, ఫోన్ ఆటలు వచ్చాయి. 2018లో విడుదలై 2020 లాక్‌డౌన్‌లో ప్రపంచమంతా పాకిన ‘అమాంగ్ అస్’ ఈ కుటుంబానిదే. 2025లో కరణ్ జోహార్ నిర్వహణలో మన దేశంలో ప్రసారమైన ‘ది ట్రెయిటర్స్’ అనే రియాలిటీ షో కూడా ఇదే పద్ధతిలో నడిచింది.

ఇప్పుడు ఫోన్లలో తోడేలు పేరుతోనే ఆడే ఆటల్లో ‘వుల్వ్స్‌విల్’ పేరున్నది. ఇంతకుముందు దాని పేరు ‘వేర్‌వుల్ఫ్ ఆన్‌లైన్’. మామూలు ఆటలో 16 మంది ఉంటారు. ఒక్కొక్కరికీ ఒక నంబరు, ఒక రహస్య పాత్ర వస్తాయి. ఎక్కువమంది ఊరివాళ్లు, కొద్దిమంది తోడేళ్లు. రాత్రి అయినప్పుడు తోడేళ్లు తమలో తాము మాట్లాడుకుని ఒకరిని చంపుతాయి. తెల్లవారాక ఎవరు పోయారో అందరికీ తెలుస్తుంది. అప్పుడు ఊరంతా చర్చించి, ఓటు వేసి, తోడేలు అనుకున్నవారిని ఆట నుంచి తొలగిస్తుంది. మళ్లీ రాత్రి, మళ్లీ పగలు. తోడేళ్లన్నీ దొరికిపోతే ఊరు గెలుస్తుంది. తోడేళ్ల సంఖ్య మిగిలినవారి సంఖ్యతో సమానమైతే తోడేళ్లు గెలుస్తాయి.

ఊరివాళ్లలో కొందరికి ప్రత్యేకమైన పని ఉంటుంది. దీర్ఘదర్శి రాత్రికి ఒకరి అసలు పాత్ర చూడగలడు. డాక్టర్ రాత్రికి ఒకరిని కాపాడగలడు. మిగిలినవాళ్లకు నోరు, ఓటు తప్ప ఇంకేమీ లేదు. ఎవరు ఎవరో ఊరివాళ్లకు తెలియదు. తోడేళ్లకు మాత్రం తమవాళ్లు ఎవరో తెలుసు. ఆట మొత్తం ఈ ఒక్క తేడా మీదే నడుస్తుంది.

కొద్దిమంది ఎందుకు గెలుస్తారు

ఎక్కువమంది మంచివాళ్లు ఉన్న ఊరు సులువుగా గెలుస్తుందని మనం అనుకుంటాం. చిన్న లెక్క వేసి చూద్దాం. ఏడుగురు ఆడుతున్నారు, ఒక్కరు తోడేలు. దీర్ఘదర్శి, డాక్టర్ వంటి పాత్రలు లేవు, ఆట పగలుతో మొదలవుతుంది. ఊరు ఏమీ ఆలోచించకుండా చీటీ తీసినట్టు రోజుకొకరిని తొలగిస్తూ పోయినా, సగానికి కాస్త ఎక్కువసార్లు ఊరే గెలుస్తుంది. ఇప్పుడు అదే ఏడుగురిలో ఇద్దరు తోడేళ్లు ఉన్నారనుకోండి. మంచివాళ్లు ఇంకా అయిదుగురు ఉన్నారు. కానీ ఊరు గెలిచే అవకాశం నూటికి 23కు పడిపోతుంది.

2008లో ముగ్గురు గణిత పరిశోధకులు, మార్క్ బ్రావర్మన్, ఒమిద్ ఎతేసామి, ఎల్కనన్ మోసెల్, ఈ ఆట మీద ఒక పరిశోధన పత్రం ప్రచురించారు. వారు తేల్చిన సంగతిని సులువుగా చెప్పాలంటే ఇది: ఊళ్లో నిజం చూడగలిగినవారు ఎవరూ లేకపోతే, ఊరు నూరు రెట్లు పెరిగినా తోడేళ్లు పది రెట్లు పెరిగితే చాలు, వాటి బలం తగ్గదు. దీర్ఘదర్శి వంటివారు ఉంటే మాత్రం లెక్క మారిపోతుంది. అప్పుడు ఊరు ఎన్ని రెట్లు పెరిగితే తోడేళ్లూ అన్ని రెట్లు పెరగాలి. నిజం తెలిసినవారు ఒక్కరున్నా ఊరి బలం అంతగా పెరుగుతుంది. అందుకే అనుభవమున్న తోడేలు ఊళ్లో మొదట వెతికేది దీర్ఘదర్శిని.

మరి ముఖం చూసి అబద్ధికుణ్ణి పట్టలేమా? చాలామంది తమకు ఆ నేర్పు ఉందనుకుంటారు. “కళ్లల్లోకి చూస్తే చెప్పేస్తాను” అనే తల్లులు, గురువులు, పెద్దలు మనలో ఎందరో. 2006లో చార్లెస్ బాండ్, బెల్లా డిపాలో అనే మనస్తత్వ పరిశోధకులు అంతవరకూ జరిగిన పరిశోధనలన్నీ కలిపి చూశారు. వాటిలో 24,000 మందికి పైగా మనుషులు ఇతరుల మాటలు విని అది నిజమో అబద్ధమో చెప్పారు. సగటున నూటికి 54 సార్లు సరిగ్గా చెప్పగలిగారు. నాణెం ఎగరేసి చెప్పినా 50 సార్లు సరిపోతుంది. ముఖం మీద మనకున్న నమ్మకం విలువ ఆ నాలుగు మార్కులే.

తోడేలు చేసే పని

తోడేలు పాత్ర మొదటిసారి వచ్చినవాళ్లు సాధారణంగా రెండు తప్పులు చేస్తారు. భయంతో నోరు మూసుకుంటారు, లేదా అవసరం లేకుండా తమను తాము సమర్థించుకుంటారు. రెండూ పట్టించేస్తాయి. కొంత ఆడినవాళ్లకు అసలు కష్టం ఎక్కడుందో తెలుస్తుంది. తోడేలుకు తెలిసింది ఎక్కువ. ఎవరు తోడేలు కాదో కూడా దానికి తెలుసు. ఊరివాడికి నిజంగానే ఏమీ తెలియదు కాబట్టి తడబడతాడు, మాట మారుస్తాడు, తప్పుగా అనుమానిస్తాడు. తోడేలు ఆ తెలియనితనాన్ని నటించాలి. “ఇంకా ఇద్దరే మిగిలారు” అని ఎవరికీ తెలియని సంగతి నోరు జారితే అక్కడితో దాని ఆట ముగుస్తుంది.

ఆరితేరిన తోడేలు ఎవరినీ గట్టిగా నిందించదు. ప్రశ్న వేసి ఊరుకుంటుంది. “నాలుగో నంబరు నిన్న ఓటు వేయలేదు కదా, ఎందుకో?” అంటుంది. అంతే. మిగతా పని ఊరివాళ్లే చేస్తారు. ఒకరు “అవును, నేనూ గమనించాను” అంటారు. ఇంకొకరు “మొన్న కూడా అలాగే చేశాడు” అంటారు. నాలుగో నంబరు జవాబు టైపు చేసేలోపే ఓట్లు పడిపోతాయి. పోయింది అమాయకుడని తెలిశాక అందరూ ఒకరినొకరు చూసుకుంటారు. ప్రశ్న వేసినవారిని ఎవరూ తప్పుపట్టరు. అడిగిందే తప్ప ఎవరినీ నిందించలేదు కదా!

అవసరమైతే తోడేలు తన జట్టులోని మరో తోడేలుకే వ్యతిరేకంగా ఓటు వేస్తుంది. ఎలాగూ దొరికిపోయేవాణ్ణి తానే పట్టించినట్టు నిలబడితే, తర్వాత రెండు మూడు రోజులు దాన్ని ఎవరూ అనుమానించరు. రాత్రి ఎవరిని చంపాలో కూడా పగలు ఏం అనుకోవాలో చూసుకుని నిర్ణయిస్తుంది. పగలు రాము, శేఖర్ గొడవపడ్డారనుకోండి. రాత్రి రాము పోతే తెల్లారి అందరి కళ్లూ శేఖర్ మీదే. వుల్వ్స్‌విల్‌లో ఒక తోడేలుకు ఇంకో శక్తి కూడా ఉంది. అది పగలు ఒక అమాయకుణ్ణి ఎంచుకుంటే, ఆ రాత్రి దీర్ఘదర్శి కంటికి అతడు తోడేలులా కనబడతాడు. దీర్ఘదర్శి అబద్ధం చెప్పడు. చూసిందే చెబుతాడు. కానీ చూసిందే తప్పు.

తెలుగులో మేకవన్నె పులి అనే మాట ఎప్పటినుంచో ఉంది. ఈ ఆటలోని తోడేలు అంతకంటే ఒక మెట్టు ముందుంటుంది. మేకలా ఉండటంతో ఆగదు. పక్కనున్న మేకను చూపించి “అదిగో పులి” అని మిగతా మేకలచేత అనిపిస్తుంది.

ఇక్కడ ఒక లెక్క గమనించండి. రాత్రికి తోడేళ్లు తీసేది ఒకరిని. పగలు ఊరు తీసేది కూడా ఒకరిని. ఊరు తప్పు చేసిన ప్రతి రోజూ తోడేళ్లకు రెండో ప్రాణం ఊరికే దొరికినట్టు. ఒక్క తోడేలు ఏడుగురిని ఒంటరిగా ఓడించలేదు. ఊరు సాయం చేయాలి. ఊరి తొందర, ఊరి కోపం, నలుగురితో పాటు చెయ్యెత్తే ఊరి అలవాటు, వీటిని వాడుకోవడమే తోడేలు పాత్రలోని నేర్పు.

ఇది అబద్ధం చెప్పడమేనా?

ఇప్పుడు మొదటి ప్రశ్నకు వద్దాం. క్రిస్మస్ నాటికలో హేరోదు వేషం వేసిన కుర్రవాణ్ణి మనం క్రూరుడని అనం. సిలువ నాటకంలో యూదా ఇస్కరియోతుగా నటించినవాణ్ణి ద్రోహి అని పిలవం. అది వేషమని వేసినవాడికి, చూసేవారికి, అందరికీ తెలుసు. తోడేలు ఆటలో కూడా కూర్చున్న ప్రతి ఒక్కరూ ముందే ఒప్పుకుంటారు: మనలో కొందరు తమ పాత్ర దాస్తారు, పట్టుకోవడమే ఆట. నిన్ను నమ్మమని ఇచ్చిన నమ్మకాన్ని వమ్ము చేసినప్పుడు అబద్ధం మోసమవుతుంది. ఇక్కడ ఎవరూ ఆ నమ్మకం ఇవ్వలేదు, ఎవరూ తీసుకోలేదు. ఆ అర్థంలో ఇది మోసం కాదు.

అయితే నాటకానికీ దీనికీ ఒక తేడా ఉందని ఒప్పుకోవాలి. హేరోదు మాటలు ఎవరో రాసిపెట్టారు. తోడేలు తన మాటలు తానే అప్పటికప్పుడు కల్పించుకోవాలి. అదీ తన స్నేహితులను చూస్తూ, వారి బలహీనత ఎక్కడుందో కనిపెడుతూ. అందుకే కొందరు పిల్లలకు ఈ పాత్ర ఇబ్బందిగా ఉంటుంది. గుండె దడదడలాడుతుంది, తర్వాత మనసు బాగోదు. అలాంటి పిల్లలను వెక్కిరించకూడదు, బలవంతపెట్టకూడదు. ఫోన్ లేకుండా చీటీలతో ఆడేటప్పుడు వారికి ఆట నడిపించే బాధ్యత ఇవ్వవచ్చు. ఆ పనికి నిజం మాత్రమే చెప్పేవారు కావాలి.

హద్దు ఎక్కడ దాటుతుందో కూడా పిల్లలకు స్పష్టంగా చెప్పాలి. “నేను డాక్టర్‌ని” అనడం ఆట. “అమ్మ మీద ఒట్టు, నేను తోడేలును కాను” అనడం ఆట కాదు. అమ్మ ఆటలో లేదు. దేవుని పేరు మీద ప్రమాణం చేయడమూ అంతే. “పదేళ్ల స్నేహం మనది, నీతో అబద్ధం చెబుతానా?” అనడం కూడా ఆట బయట ఉన్నదాన్ని ఆట లోపల ఖర్చు చేయడమే. నేర్పున్న ఆటగాళ్లు చాలామంది ఇలాంటి ఒట్లు తమ మధ్య పూర్తిగా నిషేధించుకుంటారు. ఒట్టు నిజమని తేలితే ఆట చెడిపోతుంది, అబద్ధమని తేలితే స్నేహం చెడిపోతుంది. అలాగే ఇద్దరు స్నేహితులు ఆట బయట రహస్యంగా ఫోన్‌లో మాట్లాడుకుని పాత్రలు చెప్పుకోవడం నియమాలను మీరడం. తోడేలు చెప్పే అబద్ధం ఆటలో భాగం, ఇది మాత్రం ఆటగాళ్లందరికీ చేసే మోసం. ఈ రెండింటి తేడా చెప్పగలిగిన పిల్లవాడికి నిజాయితీ అంటే ఏమిటో మనం అనుకున్నదానికంటే బాగా తెలుసు.

ఆట పుట్టకముందే ఆడిన ఊళ్లు

ఈ కుటుంబంలోనే ‘టౌన్ ఆఫ్ సేలం’ అనే మరో ఆట ఉంది. పేరు వినగానే తమిళనాడులోని సేలం గుర్తుకు రావచ్చు. ఈ సేలం అమెరికాలోని మసాచుసెట్స్‌లో ఉంది. దాని కథ ప్రతి సంఘమూ తెలుసుకోవలసినది, ఎందుకంటే అది ఒక సంఘకాపరి ఇంట్లో మొదలైంది.

1692 మొదట్లో సేలం గ్రామ కాపరి శామ్యూల్ పారిస్ కూతురికీ మేనకోడలికీ వింత మూర్ఛలు వచ్చాయి. ఎవరో మంత్రాలు చేస్తున్నారన్నారు. పిల్లలు పేర్లు చెప్పారు. పేర్లు వచ్చినవారు ఇంకొన్ని పేర్లు చెప్పారు. ఫలానావాళ్ల ఆత్మ వచ్చి నన్ను పీడించింది అన్న మాటను కూడా కోర్టు సాక్ష్యంగా తీసుకుంది. ఎవరైనా “ఇది తప్పు” అంటే వారి మీదే అనుమానం తిరిగింది. ఆ సంవత్సరంలోనే 19 మందిని ఉరితీశారు. నేరం ఒప్పుకోనూ లేదనీ చెప్పడానికి నిరాకరించిన జైల్స్ కోరీ అనే ముసలాయన మీద బండలు పేర్చి చంపారు. మరికొందరు జైలులో చనిపోయారు. అక్టోబరులో గవర్నరు విలియం ఫిప్స్ ఆ కోర్టును రద్దు చేశాడు.

అయిదేళ్ల తర్వాత, 1697 జనవరిలో, ఆ న్యాయమూర్తుల్లో ఒకడైన శామ్యూల్ సీవాల్ బోస్టన్ చర్చిలో లేచి నిలబడ్డాడు. తన తప్పు ఒప్పుకుంటూ తాను రాసిన కాగితాన్ని కాపరి చదువుతుండగా సంఘం ముందు అలాగే నిలబడ్డాడు. 1706లో, నిందలు మోపిన బాలికల్లో ఒకరైన ఆన్ పట్నం పెద్దదై, సేలం గ్రామ చర్చిలో క్షమాపణ కోరింది.

ఆటలో తోడేలు నిజంగా ఉంటుంది, దాన్ని వెతకడంలో ఊరు పొరబడుతుంది. సేలంలో తోడేలే లేదు. అయినా ఊరు పగలు తర్వాత పగలు ఓటు వేస్తూనే పోయింది. తోడేలు మనుషుల పేరుతో కూడా ఇలాగే జరిగింది. 1589లో జర్మనీలో కొలోన్ దగ్గర బెడ్‌బర్గ్‌లో పీటర్ స్టుంప్ అనే రైతు తోడేలుగా మారి మనుషులను చంపాడన్నారు. చిత్రహింసల భయంతో ఆయన చేత ఒప్పించి దారుణంగా చంపారు.

అవి పాతకాలపు సంగతులని మనం తేలిగ్గా తీసుకోలేం. 2018లో పిల్లలను ఎత్తుకుపోయే ముఠాలు తిరుగుతున్నాయని వాట్సాప్‌లో వచ్చిన పుకార్లు తెలుగు రాష్ట్రాల ఊళ్లన్నీ చుట్టాయి. ఆ మే నెలలో హైదరాబాదు చాంద్రాయణగుట్టలో ఒక ట్రాన్స్‌జెండర్ మహిళను గుంపు కొట్టి చంపింది. దేశంలో ఇంకా చాలా చోట్ల ఇలాంటి హత్యలు జరిగాక, ఆ జూలైలో వాట్సాప్ మన దేశంలో ఒక సందేశాన్ని ఒకేసారి అయిదింటికి మించి పంపకుండా పరిమితి ప్రకటించింది. చేతబడి, బాణామతి చేస్తున్నారన్న అనుమానంతో మన పల్లెల్లో వృద్ధులను, ఒంటరి స్త్రీలను కొట్టిన, చంపిన సంఘటనలు మనం పత్రికల్లో చదువుతూనే ఉన్నాం. అక్కడ కూడా ఎవరో మొదట ఒక ప్రశ్నే వేసి ఉంటారు.

తోడేలు ఆడినవారికి తెలిసేది

ఇప్పుడు ఆ పాత్ర విలువ ఏమిటో చెప్పుకోవచ్చు. ఊరివాడిగా పదిసార్లు ఆడినా మనం నేర్చుకోని సంగతి ఒక్కసారి తోడేలుగా ఆడితే తెలుస్తుంది. గుంపును తిప్పడం ఎంత సులువో లోపలి నుంచి చూస్తాం. సాక్ష్యం అవసరం లేదు, ఒక ప్రశ్న, ఒక నిట్టూర్పు, ఒక “నాకెందుకులే గానీ” చాలు. ఆ మాట ఇంతకుముందు ఎక్కడ విన్నామో కూడా గుర్తుకొస్తుంది. “నేనన్నానని అనకండి గానీ, కోశాధికారి లెక్కలు ఒకసారి చూడాలేమో.” “నలుగురూ అనుకుంటున్నారు, ఆ అమ్మాయి గురించి.” “ప్రార్థన కోసమే చెబుతున్నాను, ఇంకెవరికీ చెప్పకండి.” ఆటలో తోడేలు మాట్లాడే భాష, మన మధ్య చాడీ మాట్లాడే భాష ఒక్కటే. చాడీ చెప్పేవారు తోడేళ్లని నా ఉద్దేశం కాదు. వారిలో చాలామంది అమాయకపు ఊరివాళ్లే, తోడేలు పని మాత్రం వారి నోటితో జరుగుతుంది.

ఊరు గెలిచే ఆటలు ఎలా ఉంటాయో కూడా చూడాలి. గెలిచే ఊరు ముఖాలు చదవడం మానేసి మాటలు, ఓట్లు గుర్తుపెట్టుకుంటుంది. ఎవరు ఏ రోజు ఎవరికి వ్యతిరేకంగా ఓటు వేశారు, ఆ పోయినవారు తర్వాత ఎవరని తేలారు అని చూస్తుంది. నింద పడినవారికి మాట్లాడే సమయం ఇస్తుంది. ఒక్కరి సాక్ష్యం మీదే ఒకరిని తీసేయదు, ఎందుకంటే దీర్ఘదర్శి కళ్లను కూడా తోడేలు మోసగించగలదు. ఇద్దరు ముగ్గురు సాక్షులుంటే తప్ప నేరం స్థిరపరచకూడదన్న మోషే ధర్మశాస్త్రపు నియమం మనకు ఎప్పటినుంచో తెలుసు. ఆ నియమం లేని ఊరు ఎలా ఓడిపోతుందో పిల్లలు ఫోన్‌లో అరగంటలో చూస్తున్నారు.

వుల్వ్స్‌విల్‌లో ‘ప్రీస్ట్’ అనే పాత్ర ఒకటి ఉంది. ఆ పాత్ర వచ్చినవారు పగటిపూట తాము అనుమానించినవారి మీద పవిత్ర జలం చల్లవచ్చు. ఎదుటివాడు తోడేలైతే వాడు పోతాడు. కాకపోతే చల్లినవాడే పోతాడు. పవిత్ర జలం మన సంఘాల్లో చాలావరకు లేని ఆచారమే అయినా, ఆ నియమం మాత్రం ఆలోచింపజేస్తుంది. మామూలు ఓటింగులో తప్పుగా నింద వేసినవారికి ఏ నష్టమూ లేదు. చనిపోయేది నింద పడినవాడు. ఇక్కడ నింద వేసినవాడు తన ప్రాణం అడ్డుపెట్టి మాట్లాడాలి. ఆ పాత్ర వచ్చినవాడు ఎంత ఆలోచిస్తాడో, ఎన్నిసార్లు అడిగి తెలుసుకుంటాడో చూస్తే, మిగతా అందరూ ఎంత తేలిగ్గా వేలు చూపిస్తున్నారో తెలుస్తుంది.

ఇంట్లో, యూత్ క్యాంపుల్లో పాటించవలసినవి

ఆట మంచిదైనా ఆడే చోటు మంచిది కాకపోవచ్చు. ఫోన్ ఆటలో పదహారు మందిలో పదిహేను మంది ముక్కూముఖం తెలియనివారు. వారితో రాతలో మాట్లాడుకోవడమే ఆట. బూతులు, వేధింపులు, ఊరు పేరు అడిగి తెలుసుకునే ప్రయత్నాలు అక్కడ రావచ్చు. కాబట్టి పిల్లలు తెలిసినవారితో సొంత గది పెట్టుకుని ఆడటం మేలు. అసలు పేరు, ఫోటో, బడి, ఊరు, ఫోన్ నంబరు అక్కడ ఇవ్వకూడదు. గోల్డ్, జెమ్స్ పేరుతో డబ్బు ఖర్చయ్యే కొనుగోళ్లు ఆటలో ఉన్నాయి. తల్లిదండ్రుల ఫోన్‌లో చెల్లింపులకు తాళం పెట్టుకోవాలి. ఇంకొక్కటే, ఇంకొక్కటే అంటూ అర్ధరాత్రి దాటకుండా ఎన్ని ఆటలో ముందే అనుకోవాలి.

చనిపోయినవారితో మాట్లాడే ‘మీడియం’ వంటి పాత్రలు కొన్ని కుటుంబాలకు నచ్చవు. ఆటలో అది ఓడిపోయిన ఆటగాళ్లతో రాతలో మాట్లాడే ఏర్పాటు మాత్రమే. అయినా మనసుకు ఇబ్బంది అనిపిస్తే, సొంత గదిలో ఆ పాత్ర లేకుండా ఆడుకోవచ్చు. అసలు ఫోన్ లేకుండా చీటీలతోనే ఆడవచ్చు, ఆట అలాగే పుట్టింది. యూత్ క్యాంపులో అలా ఆడితే ఒకరి ముఖం ఒకరు చూసుకుంటారు, బాధపడినవారు ఎవరో కూడా తెలుస్తుంది.

చిన్నపిల్లల విషయంలో జాగ్రత్త. “నాన్నా పులి” కథ విని నవ్వి, అందులో తప్పేమిటో చెప్పలేని వయసువారికి ఈ ఆట వద్దు. వేషానికీ నిజానికీ మధ్య గీత వారికింకా గట్టిపడలేదు. పెద్ద పిల్లల్లో కూడా ఎప్పుడూ ఒక్కరినే మొదట తొలగిస్తుంటే, అది ఆట ముసుగులో వెలివేయడం. నడిపించేవారు దాన్ని కనిపెట్టి ఆపాలి.

అన్నిటికంటే ముఖ్యమైనది ఆట అయ్యాక మాట్లాడే అయిదు నిమిషాలు. “ఎవర్ని నమ్మావు, ఎందుకు నమ్మావు? అమాయకుణ్ణి తీసేసినప్పుడు నీ చేయి ఎందుకు లేచింది? అందరూ ఎత్తారనా?” అని అడగండి. తోడేలుగా గెలిచిన కుర్రవాణ్ణి, “ఎలా చేశావో చెప్పు” అని అడగండి. వాడు ఉత్సాహంగా చెబుతాడు. ఆ చెప్పేది మిగిలినవారికి కోట గోడకు పెట్టిన కాపలా లాంటిది, రేపు నిజంగా ఎవరైనా అలా మాట్లాడితే గుర్తుపడతారు. అంతేగాని, “ఇంత బాగా అబద్ధం ఆడతావా, ఇక నిన్ను నమ్మను” అని ఒక్కమాట కూడా అనవద్దు, నవ్వులాటకైనా. ఆటలోని నిందను ఇంట్లోకి తెచ్చినవారం మనమే అవుతాం.

సంఘంలో కమిటీ కూర్చున్నప్పుడు, ఎవరి మీదో ఫిర్యాదు వచ్చినప్పుడు, వాట్సాప్ గ్రూపులో ఎవరి పేరో పైకి వచ్చినప్పుడు, చెయ్యెత్తే ముందు ఆ యౌవనస్థులను ఒకసారి తలచుకోవచ్చు. ఈ మాట మొదట అన్నవారు ఎవరు? కళ్లారా చూసినవారు ఎందరు? నింద పడినవారు మన ముందు నిలబడి మాట్లాడారా? ఈ మూడింటికీ జవాబు దొరికేదాకా ఓటు ఆగవచ్చు. ఆటలో పోయినవాడు అరగంటలో మళ్లీ కొత్త పాత్రతో వచ్చి కూర్చుంటాడు. సంఘంలో మనం చెయ్యెత్తి బయటికి పంపినవారికి ఆ రెండో ఆట ఉండదు.